అడగని ఆహ్వానాలు
సామాజిక మాధ్యమాల్లో ఆటల సందేశాలకు అడ్డుకట్ట పడిన కథ

2015 అక్టోబరు 28న ఢిల్లీ ఐఐటీలో ఒక సభ జరిగింది. ఫేస్‌బుక్ సంస్థాపకుడు మార్క్ జుకర్‌బర్గ్ విద్యార్థుల ప్రశ్నలకు జవాబులు చెప్పడానికి అక్కడికి వచ్చాడు. అప్పటికి మన దేశంలో ఫేస్‌బుక్ వాడేవారు సుమారు 13 కోట్ల మంది. ఏ ప్రశ్నలు అడగదలచారో ముందుగానే రాయమని ఆయన తన పేజీలో కోరాడు. ఇంటర్నెట్ పేదలకు అందడం గురించో, కృత్రిమ మేధస్సు గురించో ఎక్కువ మంది అడుగుతారని అనుకోవడం సహజం. కాని అన్నిటికంటే ఎక్కువ మంది బలపరచిన ప్రశ్న మరొకటి. "మాకు క్యాండీ క్రష్ ఆట ఆహ్వానాలు వస్తూనే ఉన్నాయి. వాటిని ఆపడం ఎలా?" అన్నదే ఆ ప్రశ్న సారాంశం.

జుకర్‌బర్గ్ ఇచ్చిన జవాబు ఆసక్తికరమైనది. ఎన్నడూ ఆటలు ఆడని వారికి కూడా ఆహ్వానాలు పంపడానికి వీలు కల్పించే పాత సాధనాలు కొన్ని ఇంకా మిగిలి ఉన్నాయని, ఇతర పనుల ఒత్తిడిలో వాటిని తొలగించడానికి ప్రాధాన్యం ఇవ్వలేదని ఆయన ఒప్పుకొన్నాడు. ఈ సభ జరిగేలోగా దీనికొక పరిష్కారం కావాలని సంబంధిత బృందం నాయకునికి తాను ముందే సందేశం పంపానని కూడా చెప్పాడు.

ఇంతకూ ఈ చిన్న విసుగు కోట్లాది మందిని వేధించే సమస్యగా ఎలా పెరిగింది? దాన్ని తగ్గించడానికి ఇంతకాలం ఎందుకు పట్టింది? ఈ ప్రశ్నలకు సమాధానం కావాలంటే కంప్యూటరు కంటే చాలా ముందు కాలానికి వెళ్ళాలి.

తంతి నుంచి పోస్టు కార్డు దాకా

అడగని సందేశం ఇంటర్నెట్‌తో పుట్టింది కాదు. 1864లో లండన్‌లో కొందరు రాజకీయ ప్రముఖుల ఇళ్ళకు రాత్రివేళ టెలిగ్రాములు వచ్చాయి. ఆ కాలంలో టెలిగ్రామ్ అంటే ఏదో అత్యవసర వార్తే. ఆత్రంగా విప్పి చూస్తే, అందులో ఉన్నది గేబ్రియల్ అనే దంతవైద్యుల ప్రకటన! వారిలో ఒకరు మండిపడి 'ది టైమ్స్' పత్రికకు ఉత్తరం రాశారు. తంతి ద్వారా వచ్చిన అనవసర ప్రకటనపై నమోదైన తొలి ఫిర్యాదుగా దీన్ని చరిత్రకారులు చెబుతారు.

కంప్యూటర్ల ప్రపంచంలో ఇలాంటి తొలి సంఘటన 1978 మే 3న జరిగింది. గ్యారీ థుర్క్ అనే వ్యాపార ప్రతినిధి తమ కొత్త కంప్యూటర్ల ప్రదర్శనకు రమ్మంటూ అమెరికాలోని ఆర్పానెట్ వలయంలో ఉన్న సుమారు 400 మందికి ఒకేసారి ఎలక్ట్రానిక్ ఉత్తరం పంపాడు. నేటి ఇంటర్నెట్‌కు ఆర్పానెట్టే మాతృక. ఈ పనికి ఆయనకు చీవాట్లు పడ్డాయి. కాని దానివల్ల అమ్మకాలు కూడా పెరిగాయని ఆయనే చెప్పుకొన్నాడు. అనవసర సందేశాల చరిత్ర అంతా ఈ రెండు వాక్యాల్లో ఇమిడి ఉంది. విసుగు అందుకొన్న వారిది, లాభం పంపిన వారిది.

పై రెండింటిలోనూ పంపేవాడు ఒక్కడే. మన ఆటల ఆహ్వానాలకు అసలైన పూర్వీకురాలు మరొకటి ఉంది. అది గొలుసు ఉత్తరం. 'ఈ ఉత్తరాన్ని ఇంతమందికి రాసి పంపితే మేలు జరుగుతుంది, చింపి పారేస్తే కీడు మూడుతుంది' అంటూ దేవుళ్ళ పేరిట వచ్చే పోస్టు కార్డులు మన పెద్దలకు బాగా గుర్తుండే ఉంటాయి. అమెరికాలో 1935లో డెన్వర్ నగరంలో మొదలైన గొలుసు ఉత్తరాల్లో దేవుడి బదులు డబ్బు ఆశ పనిచేసింది. 'జాబితాలో మొదటి పేరు గలవారికి పది సెంట్లు పంపు, నీ పేరు చివర చేర్చి మరి కొందరికి పంపు' అన్నది వాటి సూత్రం. ఆ ఉత్తరాల వెల్లువకు అక్కడి తపాలా సిబ్బంది ఉక్కిరిబిక్కిరి అయ్యారు. మన దేశంలో ఇలాంటి ధన చక్రాలను అరికట్టడానికి 1978లో పార్లమెంటు ప్రత్యేక చట్టమే చేసింది.

గొలుసు ఉత్తరంలోని కిటుకు ఏమిటి? అందుకొన్నవాడే పంపేవాడుగా మారతాడు. అపరిచితుడి కార్డును చించి పారేసే మనిషి సైతం మేనమామో, పిన్నిగారో పంపిన కార్డును పారేయడానికి వెనుకాడతాడు. బంధుత్వమే ఆ ఉత్తరానికి ఇంధనం.

ప్రసారానికీ గొలుసుకూ తేడా

ఈ తేడాను చక్కగా చూపే మరొక ఉదాహరణ మన దేశ చరిత్రలోనే ఉంది. 1975 ఆగస్టు 1 నుంచి 1976 జులై 31 దాకా అమెరికా ఉపగ్రహం ఏటీఎస్-6 సాయంతో భారత శాస్త్రవేత్తలు 'సైట్' అనే టెలివిజన్ ప్రయోగం నిర్వహించారు. ఆరు రాష్ట్రాల్లోని సుమారు 2,400 గ్రామాలకు వ్యవసాయం, ఆరోగ్యం, విద్య గురించిన కార్యక్రమాలు నేరుగా అందాయి. అందులో ఆంధ్రప్రదేశ్ గ్రామాలు ఉన్నాయి, నాటి మధ్యప్రదేశ్‌లోని రాయ్‌పూర్ ప్రాంత గ్రామాలూ ఉన్నాయి. అక్కడ పంపే కేంద్రం ఒక్కటే, చూసేవారు లక్షలు. కార్యక్రమం నచ్చకపోతే ఎవరిని అడగాలో అందరికీ తెలుసు. చూసినవారు మరొకరికి దాన్ని పంపలేరు.

అదే రాయ్‌పూర్‌ను నేటి సామాజిక మాధ్యమాల కాలంలో చూద్దాం. 1931లో విజయనగరం–రాయ్‌పూర్ రైలు మార్గం పూర్తయినప్పటి నుంచి ఉత్తరాంధ్రకూ ఆ నగరానికీ రాకపోకలు పెరిగాయి. ఉద్యోగాల కోసం, వ్యాపారాల కోసం వెళ్ళిన తెలుగు కుటుంబాలు అక్కడ స్థిరపడ్డాయి. నగరంలోని శంకర్ నగర్‌లో నివసించే ఒక తెలుగు గృహిణిని ఊహించుకొందాం. విజయనగరంలో పుట్టింటివారు, విశాఖలో ఆడపడుచు, హైదరాబాదులో మేనల్లుడు, అమెరికాలో తమ్ముడు. వీరందరి క్షేమ సమాచారాలు తెలుసుకోవడానికే ఆమె ఫేస్‌బుక్‌లో చేరింది. ఒకరోజు తెర మీద ఎర్రని అంకె కనిపించింది. మేనల్లుడు ఏదో రాశాడని ఆశగా నొక్కింది. తీరా చూస్తే ఆటలో తనకొక 'ప్రాణం' ఇమ్మని అతని పేరిట వచ్చిన విన్నపం! ఆ రాత్రి లండన్‌లో టెలిగ్రామ్ విప్పిన పెద్దమనిషికీ, ఈమెకూ కలిగిన అనుభవం ఒక్కటే. కాని ఆమె ఎవరిపై ఫిర్యాదు చేయాలి? మేనల్లుడి పైనా? ఆట తయారు చేసిన సంస్థ పైనా? మధ్యలో ఉన్న ఫేస్‌బుక్ పైనా?

తలుపులు తెరుచుకొన్న 2007

2007 మే 24న ఫేస్‌బుక్ ఒక ముఖ్యమైన నిర్ణయం ప్రకటించింది. బయటి సంస్థలు కూడా తన వేదికపై నడిచే అప్లికేషన్లు తయారు చేసుకోవచ్చన్నదే ఆ నిర్ణయం. ఎవరు ఎవరికి మిత్రులో, బంధువులో తెలిపే బ్రహ్మాండమైన పటం అప్పటికే ఫేస్‌బుక్ దగ్గర సిద్ధంగా ఉంది. అప్లికేషన్ తయారీదారులకు ఆ పటం వెంట సందేశాలు పంపే దారి దొరికింది.

ఈ దారిలో తొలి విజయం సాధించిన ఆటల్లో ఒకటి మన దేశంలోనే తయారైంది. కోల్‌కతాకు చెందిన రజత్, జయంత్ అగర్వాలా సోదరులు రూపొందించిన 'స్క్రాబ్యులస్' అనే పదాల ఆటను రోజూ సుమారు 5 లక్షల మంది ఆడేవారు. స్క్రాబుల్ హక్కుదారులు కోర్టుకెక్కడంతో 2008లో దాన్ని తొలగించవలసి వచ్చింది. ఇద్దరు యువకులు కోల్‌కతాలో కూర్చొని ప్రపంచమంతటా లక్షల మందిని చేరగలగడం ఈ కొత్త దారి శక్తికి నిదర్శనం.

2009 జూన్‌లో జింగా సంస్థ 'ఫార్మ్‌విల్' ఆటను విడుదల చేసింది. తెర మీద పొలం దున్నాలి, విత్తనాలు చల్లాలి, పంట పండాక వేళకు కోయాలి. ఆలస్యమైతే పంట వాడిపోతుంది. పొరుగు పొలాల వారి సాయం ఉంటే పని సులువవుతుంది. అందుకని దారితప్పిన జంతువును చేరదీయమనో, బహుమతి అందుకోమనో ఆటగాడి పేరిట మిత్రులందరికీ ప్రకటనలు వెళ్ళేవి. 2010 మార్చి నాటికి ఈ ఆట ఆడేవారు నెలకు 8 కోట్లు దాటారు.

2012 ఏప్రిల్‌లో కింగ్ సంస్థ 'క్యాండీ క్రష్ సాగా'ను ఫేస్‌బుక్‌లో ప్రవేశపెట్టింది. నవంబరులో అది మొబైల్ ఫోన్లకూ వచ్చింది. ఇందులో ఆటగాడికి అయిదు ప్రాణాలు ఉంటాయి. ఓడినప్పుడల్లా ఒకటి పోతుంది. పోయిన ప్రాణం తిరిగి రావాలంటే 30 నిమిషాలు ఆగాలి, లేదా డబ్బు చెల్లించాలి, లేదా మిత్రులను అడగాలి. మూడింటిలో ఖర్చు లేనిది, వెంటనే చేయగలిగేది ఏది? మిత్రులను అడగడమే. ఆటగాడు వేచి ఉండలేని క్షణాన్ని చూసి ఆ బటన్‌ను అతని ముందు పెట్టారు.

లెక్క ఏం చెబుతుంది?

ఇక్కడ ఒక చిన్న లెక్క చేసి చూద్దాం. అంటువ్యాధుల శాస్త్రంలో ఒక రోగి నుంచి సగటున ఎంతమందికి వ్యాధి సోకుతుందో తెలిపే సంఖ్య ఉంటుంది. అది ఒకటి కంటే ఎక్కువైతే వ్యాధి వ్యాపిస్తుంది, తక్కువైతే క్రమంగా అణగిపోతుంది. ఆటల ఆహ్వానాలకూ ఇదే సూత్రం వర్తిస్తుంది.

ఒక ఆటగాడు 20 మందికి ఆహ్వానాలు పంపాడనుకోండి. పదింట ఒకరు అంగీకరిస్తే కొత్తగా ఇద్దరు చేరతారు. ఆ ఇద్దరి ద్వారా నలుగురు, నలుగురి ద్వారా ఎనిమిది మంది. ఇలా పదో విడతలో చేరేవారు 1,024 మంది అవుతారు. అంగీకరించేవారు 25 మందిలో ఒకరికి తగ్గితే? అప్పుడు ఒక్కొక్కరి ద్వారా వచ్చేవారు సగటున 0.8 మాత్రమే. వెయ్యి మందితో మొదలుపెడితే తరువాతి విడతలో 800, ఆపైన 640, 512... ఎంతకాలం సాగినా మొత్తం 5,000 దాటదు. ఆట చల్లబడిపోతుంది.

ఈ లెక్కలో దాగి ఉన్న మరో విషయాన్ని గమనించాలి. శరవేగంగా పెరిగిన మొదటి ఉదాహరణలో కూడా ప్రతి పది మందిలో తొమ్మిది మంది ఆహ్వానాన్ని తిరస్కరించారు. అంటే ఆట ఎంత విజయవంతమైనా, సందేశాలు అందుకొన్నవారిలో అత్యధికులకు అవి అక్కరలేనివే! కనుక విసుగు అనేది పొరపాటున జరిగింది కాదు. ఈ పద్ధతిలో అది తప్పనిసరి భాగం.

గొలుసు ఉత్తరాల కాలంలో దీనికొక సహజమైన అడ్డు ఉండేది. 20 కార్డులు పంపాలంటే డబ్బు కావాలి, చేతితో రాయాలి, చిరునామాలు వెతకాలి. ఎంత భయస్థుడైనా రెండు మూడు రాసేసరికి విసుగు పుట్టి మానేసేవాడు. ఫేస్‌బుక్‌లో 20 మందికి పంపడానికి ఒక్క నొక్కు చాలు. తొమ్మిది మంది తిరస్కారం వల్ల పంపినవానికి పైసా నష్టం లేదు. ఆ నష్టమంతా అందుకొన్నవారి సమయం నుంచి, ధ్యాస నుంచి పోతుంది.

జల్లెడ ఎందుకు పనిచేయలేదు?

ఈమెయిళ్ళలో వచ్చే చెత్తను కంప్యూటర్లు చాలావరకు ఏరివేయగలిగాయి కదా, ఆటల సందేశాలను ఎందుకు ఆపలేకపోయాయి అన్న సందేహం రావచ్చు. 2002లో పాల్ గ్రాహం అనే ప్రోగ్రామర్ రాసిన వ్యాసంతో ఒక పద్ధతి బాగా ప్రచారంలోకి వచ్చింది. 18వ శతాబ్దపు గణిత శాస్త్రజ్ఞుడు థామస్ బేస్ సూత్రం దీనికి ఆధారం. చెత్త ఉత్తరాల్లో ఏ మాటలు తరచుగా వస్తాయి, మంచి ఉత్తరాల్లో ఏవి వస్తాయి అన్నది కంప్యూటర్ లెక్కగట్టి, కొత్తగా వచ్చిన ఉత్తరం ఏ కోవకు చెందుతుందో అంచనా వేస్తుంది. పంపినవారు అపరిచితులైతే అనుమానం మరింత బలపడుతుంది.

ఆటల ఆహ్వానం ఈ జల్లెడకు చిక్కదు. దాన్ని పంపింది అపరిచితుడు కాదు, మన మేనల్లుడు. అందులోని మాటల్లో మోసమూ లేదు. అతని సందేశాల్లో కొన్ని మనకు కావాలి, కొన్ని అక్కరలేదు. అతన్ని పూర్తిగా అడ్డగిస్తే అతని పెళ్ళి కబురు కూడా మనకు చేరదు! ఒకే మనిషి పేరిట రెండు రకాల మాటలు వస్తున్నప్పుడు, ఏది అతని సొంత మాట, ఏది ఆట అతని చేత పలికించిన మాట అని విడదీయగలిగింది ఫేస్‌బుక్ ఒక్కటే. ఎందుకంటే ఏ సందేశం ఏ అప్లికేషన్ ద్వారా వచ్చిందో దానికి మాత్రమే తెలుసు. ఆ పని చేయవలసిన బాధ్యత కూడా కనుక దానిదే.

ఒక్కొక్కటిగా పడిన అడ్డుకట్టలు

తొలి దశలో కొన్ని అప్లికేషన్లు మరీ బరితెగించాయి. ఇంతమంది మిత్రులకు ఆహ్వానం పంపితే గాని లోపలికి రానివ్వబోమని షరతు పెట్టేవి. 2008లో ఫేస్‌బుక్ ఇలాంటి బలవంతపు ఆహ్వానాలను నియంత్రించసాగింది. ఒక అప్లికేషన్ పంపే సందేశాలను జనం ఎంతవరకు అంగీకరిస్తున్నారో చూసి, అది ఎన్ని సందేశాలు పంపవచ్చో నిర్ణయించే పద్ధతి అదే ఏడాది వచ్చింది. ఎక్కువ మంది విసుక్కొంటే ఆ అప్లికేషన్ కోటా తగ్గుతుంది. ఖర్చు లేని సందేశానికి ఒక విధమైన ధర పెట్టిన తొలి ప్రయత్నం ఇది.

2010 మార్చిలో రెండో అడ్డుకట్ట పడింది. అప్లికేషన్లు నేరుగా వాడుకరి నోటిఫికేషన్ల జాబితాలోకి సందేశాలు పంపే సౌకర్యాన్ని తొలగించారు. అదే ఏడాది సెప్టెంబరులో మరో మార్పు ప్రకటించారు. ఒక ఆటకు సంబంధించిన కబుర్లు ఆ ఆట ఆడేవారికి మాత్రమే కనిపిస్తాయి, ఆడనివారికి కనిపించవు. ఆ నెలల్లోనే ఫార్మ్‌విల్ ఆడేవారి సంఖ్య తగ్గుముఖం పట్టింది. మనం చేసిన లెక్కను గుర్తుకు తెచ్చుకొంటే ఇందులో ఆశ్చర్యం లేదు. ఆహ్వానం చేరే మనుషుల సంఖ్య తగ్గగానే గొలుసు బలం తగ్గింది.

అయినా ఫేస్‌బుక్ తలుపు పూర్తిగా మూయలేదు. ఆటల్లో వాడుకరులు పెట్టే ఖర్చులో ఫేస్‌బుక్‌కూ వాటా ఉండేది. 2011 డిసెంబరులో జింగా షేర్లు మార్కెట్‌కు వచ్చేనాటికి ఈ రెండు సంస్థల ఆదాయాలు ఒకదానితో మరొకటి పెనవేసుకొని ఉన్నాయి. కంచే చేను మేస్తున్నప్పుడు కాపలా గట్టిగా ఉండదు కదా! 2012లో క్యాండీ క్రష్ మిగిలిన సందుల గుండా వచ్చి, మళ్ళీ పాత కథను నడిపించింది. 2015లో ఢిల్లీలో ఆ ప్రశ్న రావడానికి నేపథ్యం ఇదే.

335 మంది, 5,62,455 మంది

ఆటల ఆహ్వానం కేవలం చికాకు మాత్రమే అయితే దీని గురించి ఇంతగా చెప్పుకోనవసరం లేదు. ఒకరి అంగీకారంతో అతని మిత్రులందరినీ చేరుకోవచ్చు అన్న సూత్రం ఆ రోజుల్లో సందేశాలతో ఆగలేదు. 2014 వరకు ఒక అప్లికేషన్‌ను వాడేందుకు ఒప్పుకొన్నవారి వివరాలతో పాటు, వారి మిత్రుల వివరాలు కొన్నింటిని కూడా ఆ అప్లికేషన్ తీసుకొనే వీలుండేది. ఆ మిత్రులను ఎవరూ అడగలేదు, వారికి తెలియను కూడా తెలియదు. 2014 ఏప్రిల్‌లో ఈ నియమం మార్చుతున్నట్లు ప్రకటించి, పాత అప్లికేషన్లకు ఏడాది గడువు ఇచ్చారు.

అప్పటికే జరగవలసిన నష్టం జరిగింది. 2013లో వ్యక్తిత్వ పరీక్ష పేరుతో వచ్చిన ఒక అప్లికేషన్ ద్వారా సేకరించిన వివరాలు కేంబ్రిడ్జ్ అనలిటికా అనే రాజకీయ ప్రచార సంస్థకు చేరాయని 2018లో బయటపడింది. ప్రపంచం మొత్తం మీద 8 కోట్ల 70 లక్షల మంది దాకా వివరాలు ఇలా పోయి ఉండవచ్చని ఫేస్‌బుక్ తెలిపింది. మన దేశం గురించి అది చెప్పిన అంకెలు మరీ ఆలోచింపజేస్తాయి. ఆ అప్లికేషన్‌ను భారత దేశంలో వాడినవారు 335 మంది మాత్రమే. వివరాలు పోయి ఉండగలవారు మొత్తం 5,62,455 మంది! అంటే ఒక్కొక్కరి వెంట సగటున దాదాపు 1,678 మంది అడగకుండానే అందులోకి వెళ్ళారు.

శంకర్ నగర్ గృహిణికి మేనల్లుడి పేరిట వచ్చిన ఆట విన్నపమూ, ఈ వివరాల సేకరణా ఒకే తలుపు గుండా వచ్చినవి. మొదటిది కంటికి కనిపించి విసిగించింది. రెండవది కనిపించలేదు. కనిపించే చికాకును జనం పట్టించుకొని గట్టిగా అడిగినందువల్ల ఆ తలుపు వైపు చూపు మళ్ళింది. చిన్న ఫిర్యాదును తేలికగా కొట్టిపారేయకూడదు అనడానికి ఇంతకంటే మంచి ఉదాహరణ దొరకదు.

జేబులోకి చేరిన గంట

ఫేస్‌బుక్‌లో ఆటల రద్దీ తగ్గుతున్న కాలంలోనే ఆ సందేశాలకు మరో దారి దొరికింది. యాపిల్ సంస్థ 2009లో, గూగుల్ 2010లో తమ ఫోన్లలో 'పుష్' నోటిఫికేషన్లను ప్రవేశపెట్టాయి. అప్లికేషన్‌ను తెరవకపోయినా దాని సందేశం తెర మీద మెరిసే ఏర్పాటు ఇది. 'మీ ప్రాణాలు నిండాయి', 'మీ పంట సిద్ధం' అంటూ ఆటే నేరుగా తలుపు తట్టసాగింది. యాపిల్ ఫోన్లలో నోటిఫికేషన్లకు మొదటి నుంచీ అనుమతి అడిగేవారు. ఆండ్రాయిడ్‌లో మాత్రం అప్లికేషన్ చేర్చుకొంటే చాలు, నోటిఫికేషన్లకు ఒప్పుకొన్నట్లే లెక్క. 2022లో వచ్చిన ఆండ్రాయిడ్ 13తో గాని అక్కడ కూడా ముందుగా అడిగే పద్ధతి రాలేదు. మన దేశంలో అత్యధికులు వాడేది ఆండ్రాయిడ్ ఫోన్లే కనుక ఈ పన్నెండేళ్ళ ఆలస్యం మనకు చిన్న విషయం కాదు.

నోటిఫికేషన్‌ను చూసీచూడనట్లు వదిలేస్తే సరిపోతుంది కదా అని కొందరంటారు. అమెరికాలోని ఫ్లోరిడా స్టేట్ విశ్వవిద్యాలయ పరిశోధకులు 2015లో ప్రచురించిన ప్రయోగ ఫలితాలు ఈ భావన సరికాదని చూపాయి. ఏకాగ్రత అవసరమైన పనిలో ఉన్నవారికి ఫోన్ నోటిఫికేషన్ వస్తే, వారు ఫోన్‌ను ముట్టుకోకపోయినా పనిలో తప్పులు పెరిగాయి. 'ఏమై ఉంటుంది?' అన్న ఆలోచనే ధ్యాసను పక్కకు లాగడానికి చాలు. పరీక్షకు చదువుకొనే విద్యార్థికి దీని అర్థం వేరే చెప్పనక్కరలేదు.

మన దేశంలో వచ్చిన నియమాలు

అడగని సందేశాలపై మన దేశంలో పోరాటం టెలిఫోన్‌తో మొదలైంది. ట్రాయ్ 2007లో ప్రకటనల కాల్స్ వద్దనుకొనేవారి జాబితాను ఏర్పాటు చేసింది. 1909 నంబరుకు చెప్పి ఇలాంటి కాల్స్‌ను ఆపుకొనే పద్ధతి కూడా వచ్చింది. 2011లో ఒక సిమ్ నుంచి రోజుకు 100 ఎస్సెమ్మెస్‌లు మించి పంపరాదని ట్రాయ్ నిబంధన పెట్టింది. కొద్ది వారాలకే దాన్ని 200కు పెంచింది. 2012లో ఢిల్లీ హైకోర్టు వ్యక్తిగత సందేశాల విషయంలో ఆ పరిమితిని కొట్టివేసింది. వ్యాపారికీ, మామూలు మనిషికీ ఒకే కొలబద్ద పెడితే నిలవదని దీనివల్ల తేలింది.

2018లో వదంతుల వల్ల దేశంలో పలుచోట్ల అమాయకులపై మూకదాడులు జరిగాయి. అప్పుడు వాట్సాప్ భారత దేశంలో ఒక సందేశాన్ని ఒకసారికి అయిదు చోట్లకు మించి పంపకుండా పరిమితి విధించింది. 2020 ఏప్రిల్‌లో, అప్పటికే చాలాసార్లు చేతులు మారిన సందేశాన్ని ఒకసారికి ఒక్క చోటికే పంపేలా కట్టడి చేసింది. దాంతో అలాంటి సందేశాల వ్యాప్తి 70 శాతం తగ్గిందని సంస్థ ప్రకటించింది. ఒక్క నొక్కుకు బదులు నాలుగైదు నొక్కులు అవసరమయ్యేలా చేస్తే గొలుసు తెగిపోతుందన్నమాట. చేతితో కార్డులు రాసే శ్రమను తిరిగి తెచ్చినట్లే ఇది.

2023 నవంబరు 30న కేంద్ర వినియోగదారుల రక్షణ ప్రాధికార సంస్థ 13 రకాల మోసపూరిత డిజైన్లను నిషేధిస్తూ మార్గదర్శకాలు వెలువరించింది. వద్దన్నా పదే పదే అడిగి విసిగించడం కూడా ఈ జాబితాలో ఒకటి. మేనల్లుడి పేరిట వచ్చిన విన్నపంపై ఎవరికి ఫిర్యాదు చేయాలి అన్న ప్రశ్నకు మన దేశంలో ఇది కొంతవరకు సమాధానం.

ఈ ఆహ్వానాల్లో మరింత ప్రమాదకరమైనవి డబ్బు పందెం ఆటలవి. తెలంగాణ 2017లో, ఆంధ్రప్రదేశ్ 2020లో తమ చట్టాలను సవరించి డబ్బు పెట్టి ఆడే ఆన్‌లైన్ ఆటలను నిషేధించాయి. 2025 ఆగస్టులో పార్లమెంటు చేసిన చట్టం దేశమంతటా అలాంటి ఆటలనే కాక వాటి ప్రకటనలను కూడా నిషేధించింది. మిత్రుడి పేరిట పందెం ఆట లింకు వస్తే అది సరదా ఆహ్వానం కాదని గుర్తించాలి.

మనం చేయగలిగింది

ఆటలు ఆడడంలో తప్పు లేదు. ఆడనివారిని లాగడమే సమస్య. ఇందుకు కొన్ని తేలికైన జాగ్రత్తలు ఉన్నాయి. విసిగించే సందేశం వచ్చినప్పుడు దాన్ని పంపిన బంధువును కాక, ఆ ఆటను అడ్డగించాలి. ఫేస్‌బుక్ సెట్టింగ్స్‌లోని బ్లాకింగ్ విభాగంలో దీనికి ఏర్పాటు ఉంది. ఫోన్‌లో ఆట సందేశం మెరిసినప్పుడు దానిపై కాసేపు నొక్కి ఉంచితే, ఆ అప్లికేషన్ నోటిఫికేషన్లు నిలిపివేసే అవకాశం కనిపిస్తుంది. ఎప్పుడో చేర్చుకొని మరచిపోయిన అప్లికేషన్ల జాబితాను అప్పుడప్పుడు తిరగవేసి, అక్కరలేని వాటికి ఇచ్చిన అనుమతులు తీసివేయాలి. ఆట ఆడేవారు ఆహ్వానాల పెట్టె తెరుచుకొన్నప్పుడు అందరి పేర్లపైనా ముందుగానే గుర్తులు పెట్టి ఉన్నాయేమో చూసుకోవాలి.

అయితే ఇవన్నీ ఎవరికి వారు వేసుకొనే గొడుగులు మాత్రమే. ఈ చరిత్రలో వాన నిజంగా తగ్గిన ప్రతిసారీ అందుకు కారణం వేరు. 2008లో తిరస్కారాలను బట్టి కోటా తగ్గించినప్పుడు, 2010లో ఆడనివారికి ఆట కబుర్లు ఆపినప్పుడు, 2020లో ముందుకు పంపే నొక్కులు పెంచినప్పుడు, 2022లో ముందుగా అనుమతి అడగడం మొదలైనప్పుడు మార్చింది అందుకొనేవారి అలవాట్లను కాదు, పంపేవారికి ఉన్న వెసులుబాటును. పంపడానికి ఏమాత్రమూ ఖర్చు లేనంతకాలం, పది మందిలో తొమ్మిది మంది విసుగుపై ఒకరు వ్యాపారం చేస్తూనే ఉంటారు.

ఫార్మ్‌విల్ పొలాలు 2020 డిసెంబరు 31న శాశ్వతంగా మూతపడ్డాయి. ఆ ఆట నేర్పిన కిటుకు మాత్రం షాపింగ్ అప్లికేషన్లలో, అప్పులిచ్చే అప్లికేషన్లలో, 'మిత్రుణ్ణి చేర్చితే ఇంత బహుమతి' అన్న ప్రతి ప్రకటనలో నేటికీ కొనసాగుతోంది. అలాంటి ప్రకటన ఎదురైనప్పుడు ఒక ప్రశ్న వేసుకోవాలి. ఈ సందేశం ఖర్చు ఎవరు భరిస్తున్నారు? జవాబు 'మన చుట్టాలు' అని వస్తే, దాన్ని పంపకపోవడమే వారికి మనం చేసే మేలు.